నాదం అందరిది – గ్రంథం ఎవరిది?

పాఠ్యభాగ నేపథ్యం

సంగీతం అభ్యసించేవారికి గురువు తరువాత ఆధారం పుస్తకమే. ఒకనాడు తాళపత్రాలలోనూ, ఆ తరువాత అచ్చులోనూ నిలిచిన స్వరలిపి నేడు సెల్‌ఫోను తెరమీదికి వచ్చింది. ఒక్క ప్రతి క్షణకాలంలో వేయి ప్రతులవుతున్నది. ఈ సౌలభ్యం వల్ల విద్యకు కలిగిన మేలు ఏమిటి? ఆ విద్యను గ్రంథస్థం చేసినవారికి కలిగే నష్టం ఏమిటి? ఈ రెండింటి నడుమ విద్యార్థి పాటించవలసిన నియమం ఏమిటి? ఈ విషయాలను గిటారు పుస్తకాలు, మన సంగీత గ్రంథాలు ఆధారంగా ఈ వ్యాసం చర్చిస్తుంది.

పాఠ్యభాగం

విద్యను దొంగలు దోచుకోలేరని, పంచినకొద్దీ అది పెరుగుతుందే కాని తరగదని మన పెద్దలు చెప్పారు. ఆ మాట సత్యమే. కాని విద్యకు ఆలంబనమైన గ్రంథం సంగతి వేరు. దానిని ఒకరు రాస్తారు, ఒకరు అచ్చు వేస్తారు, ఒకరు అమ్ముతారు, మరొకరు కొంటారు. రాసినవారి జీవనం, అచ్చువేసినవారి జీవనం దానితో ముడిపడి ఉంటాయి. పంచితే విద్య తరగకపోవచ్చు. కాని విద్యను గ్రంథంగా మలచినవాని ఇంట బియ్యం తరుగుతాయి. ఉచిత ప్రతులను గురించిన న్యాయాన్యాయాల విచారణ ఇక్కడే మొదలవుతుంది.

హైదరాబాదు నగరంలోని మోతీనగర్‌కు జూబ్లీహిల్స్, ఫిలింనగర్ ఎంతో దూరం కావు. మద్రాసు నుండి క్రమంగా తరలివచ్చిన తెలుగు చలనచిత్ర పరిశ్రమ ఆ కొండల మీద స్థిరపడింది. అక్కడి స్టూడియోలలో రూపొందే పాటల వెనుక గీతరచయితలు, స్వరకర్తలు, గాయకులు, వాద్యకారులు ఎందరో ఉంటారు. అటువంటి పరిసరాలలో పెరిగే బాలుడో, బాలికో గిటారు చేతబట్టడంలో ఆశ్చర్యం లేదు. సినిమా పాటను వాయించాలన్న కోరికతో మొదలుపెట్టి, కొందరు శాస్త్రీయ గిటారు వాదన వైపు మళ్ళుతారు. అప్పుడు పుస్తకం అవసరమవుతుంది. విదేశాలలో అచ్చయిన గిటారు పుస్తకం వెల సామాన్య కుటుంబానికి భారమే. ఇంతలో ఎవరో మిత్రుడు ఆ పుస్తకమంతటినీ పి.డి.ఎఫ్. రూపంలో పంపుతాడు. ఉపాధ్యాయుడు దానిని తన వద్ద నేర్చుకొనే పదిమందికీ పంపుతాడు. పైసా ఖర్చు లేదు. ఎవరి వస్తువూ మాయం కాలేదు. అయినా ఇందులో తప్పున్నదా?

ఈ ప్రశ్నకు తొందరపడి అవునని గాని, కాదని గాని చెప్పకూడదు. ముందుగా ఆ పుస్తకంలో ఏమున్నదో చూడాలి.

గిటారు – గ్రంథ సంపద

నేడు మనం చూస్తున్న శాస్త్రీయ గిటారుకు స్థిరమైన రూపం ఇచ్చినవాడు స్పెయిన్ దేశానికి చెందిన అంతోనియో దె తోరెస్ (1817–1892). ఆయనకు ముందే గిటారు వాదనను ఒక క్రమపద్ధతిలో బోధించే గ్రంథాలు వెలువడ్డాయి. స్పెయిన్‌కు చెందిన ఫెర్నాండో సోర్ (1778–1839), ఇటలీకి చెందిన మౌరో జూలియానీ (1781–1829), మత్తేయో కర్కాసీ (1792–1853) అభ్యాసకుల కొరకు రచించిన పాఠాలు నేటికీ ప్రపంచమంతటా బోధనలో ఉన్నాయి. జూలియానీ కుడిచేతి వేళ్ళకే 120 అభ్యాసాలు కూర్చాడు. తరువాతి తరంలో ఫ్రాన్సిస్కో తారెగా (1852–1909) గిటారుకు గొప్ప సాహిత్యాన్ని సమకూర్చాడు.

గిటారు పుస్తకంలో స్వరాలు మాత్రమే ఉండవు. ఒకే స్వరాన్ని గిటారు మీద రెండు మూడు చోట్ల పలికించవచ్చు. ఏ తీగను మీటాలి, ఏ మెట్టు వద్ద నొక్కాలి, ఏ వేలు వాడాలి అన్నది నిర్ణయించడం అనుభవజ్ఞులు చేయవలసిన పని. పాత రచనను తీసుకొని, తప్పులు సరిదిద్ది, వేళ్ళ గుర్తులు వేసి, వివరణలు చేర్చి ఒక సంపాదకుడు కొత్త ముద్రణను తయారుచేస్తాడు. అందువల్ల ఒకే పుస్తకంలో రెండు శ్రమలు కలిసి ఉంటాయి. మొదటిది ఏనాడో గతించిన స్వరకర్త శ్రమ. రెండవది నిన్నమొన్నటి సంపాదకుని శ్రమ. ఉచిత ప్రతిని చేతబట్టిన విద్యార్థి ఈ భేదాన్ని గుర్తించడం అత్యవసరం.

మన సంప్రదాయంలో స్వరలిపి

మన సంగీతం ప్రధానంగా గురుముఖంగా వచ్చినది. శిష్యుడు గురువు ఎదుట కూర్చుండి విని, పాడి, దిద్దుకొని నేర్చేవాడు. కృతిని రాసుకోవడం అభ్యాసంలో భాగం. త్యాగరాజస్వామి (1767–1847) కృతులు మనకు దక్కడానికి ఆయన శిష్యులు రాసుకొన్న ప్రతులే ముఖ్య కారణం. వాలాజాపేట వేంకటరమణ భాగవతార్, ఆయన వంశీయులు భద్రపరచిన తాళపత్రాలు, కాగితపు ప్రతులు ఈనాటికీ పరిశోధకులకు ఆధారం. ఆనాడు ప్రతి రాయడం దొంగతనం కాదు, గురుసేవ. రాయడానికి పట్టే శ్రమే ప్రతుల సంఖ్యకు హద్దుగా ఉండేది.

ప్రతిభావంతులైన విద్వాంసులు కొందరు తమ కుటుంబ విద్యను బయటికి ఇవ్వడానికి వెనుకాడేవారు. అటువంటి కాలంలో ఒక మహోపకారం జరిగింది. ముత్తుస్వామి దీక్షితుల వంశానికి చెందిన సుబ్బరామ దీక్షితులు (1839–1906) తమ ఇంట తరతరాలుగా నిలిచిన సంగీత నిధిని గ్రంథస్థం చేశారు. ఆ గ్రంథమే 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని'. 1904లో తమిళదేశంలోని ఎట్టయపురంలో, సంస్థానాధీశుని పోషణతో, తెలుగు లిపిలో అది అచ్చయింది. దీనికి పూనుకొనేటట్లు ఆయనను ప్రోత్సహించినవారిలో చిన్నస్వామి మొదలియారు ముఖ్యుడు. ఆయన 1893 ప్రాంతంలోనే మన కీర్తనలను పాశ్చాత్య స్వరలిపిలో ప్రకటించడానికి సొంత సొమ్ము వెచ్చించి పాటుపడిన మహనీయుడు. సుబ్బరామ దీక్షితులు గ్రంథంలో గమకాలకు ప్రత్యేక చిహ్నాలు ఉన్నాయి. కాగితం మీది గుర్తును చూసి గమకాన్ని ఊహించగలిగేటట్లు చేయడం ఆ గ్రంథం సాధించిన ఘనత.

ఈ గ్రంథానికి ఇప్పుడు ఎవరి అనుమతీ అక్కరలేదు. గ్రంథకర్త గతించి శతాబ్దం దాటింది. సంగీతాభిమానులు దానిని డిజిటల్ రూపంలోకి మార్చి, ఇతర లిపులలోకి కూడా తెచ్చి, ఉచితంగా అందరికీ అందించారు. తెలుగు చదవలేని విద్యార్థి సైతం నేడు దానిని వాడుకొనగలుగుతున్నాడు. ఉచిత ప్రతి వల్ల విద్యకు కలిగే మేలుకు ఇంతకంటె మంచి ఉదాహరణ ఉండదు.

సినిమా పాటల పుస్తకాలు

తెలుగునాట సామాన్యుని చేతికి అందిన మొట్టమొదటి పాటల పుస్తకాలలో సినిమా పాటల పుస్తకాన్ని తప్పక చెప్పాలి. థియేటరు ముంగిట అతి తక్కువ వెలకు అమ్మిన ఆ చిన్న పుస్తకంలో కథ కొంత, నటీనటుల పేర్లు, పాటల సాహిత్యం ఉండేవి. కథ రసవత్తరమైన ఘట్టానికి రాగానే, మిగిలినది వెండితెర మీద చూడవలసిందని ముగించేవారు. ఆ పుస్తకాలలో మాటలు ఉండేవి కాని స్వరాలు ఉండేవి కావు. బాణీ నేర్చుకోవాలంటే రేడియో దగ్గర చెవి ఒగ్గి కూర్చోవలసిందే. గిటారు నేర్చుకొనేవారు కూడా అలాగే విని, పాటకు సరిపోయే స్వరసమూహాలను తామే కనిపెట్టి, నోటుపుస్తకంలో రాసుకొనేవారు. అది కష్టమైన మార్గమే. కాని చెవికి అంతకంటె గొప్ప శిక్షణ లేదు.

చట్టం ఏమి చెబుతున్నది?

మన దేశంలో గ్రంథస్వామ్యాన్ని నిర్ణయించేది 1957 నాటి కాపీరైట్ చట్టం. రచయిత లేదా స్వరకర్త జీవించి ఉన్నంత కాలం, మరణించిన తరువాతి సంవత్సరం మొదలుకొని 60 ఏళ్ళు ఆ రచన మీద హక్కు ఉంటుంది. మొదట ఈ గడువు 50 ఏళ్ళే. 1941లో కన్నుమూసిన రవీంద్రనాథ్ ఠాగూర్ రచనల గడువు 1991తో ముగియనుండగా, దానిని మరి పదేళ్ళు పొడిగించారు. 1992లో చేసిన ఆ సవరణ అన్ని రచనలకూ వర్తించింది.

1957 చట్టం సంగీతాన్ని కాగితం మీద రాసినదిగానే నిర్వచించింది. మన దేశంలో ఎందరో స్వరకర్తలు బాణీని హార్మోనియం మీద పలికించి గాయకులకు నేర్పేవారే కాని రాసేవారు కారు. 1994లో జరిగిన సవరణ ఈ లోపాన్ని తొలగించి, స్వరలిపిలో రాయకపోయినా సంగీతం సంగీతమే అని గుర్తించింది. 2012 నాటి సవరణ మరొక అడుగు ముందుకు వేసింది. సినిమా కొరకు రాసిన పాటను థియేటరులో కాక ఇతరత్రా వినియోగించినప్పుడు వచ్చే ప్రతిఫలంలో గీతరచయితకు, స్వరకర్తకు ఉన్న వాటాను వారు వదులుకొన్నామన్నా చెల్లదని నిర్దేశించింది.

ఒక్క పాటలో ఎన్ని హక్కులు ఇమిడి ఉంటాయో గ్రహించడానికి 1951లో విడుదలైన 'పాతాళభైరవి' చిత్రాన్ని తీసుకొందాం. పాటలు రాసినవారు పింగళి నాగేంద్రరావు. సంగీతం కూర్చినవారు ఘంటసాల. విడుదలైన 60 ఏళ్ళకు, అంటే 2011 చివరికి, ఆనాటి ధ్వనిముద్రణ మీద హక్కు ముగిసింది. పింగళి 1971లో మరణించారు కనుక సాహిత్యం మీద హక్కు చట్టం లెక్క ప్రకారం 2031 చివరి వరకు ఉంటుంది. ఘంటసాల 1974లో మరణించారు కనుక బాణీ మీద హక్కు 2034 చివరి వరకు నిలుస్తుంది. పాత రికార్డును స్వేచ్ఛగా వినిపించవచ్చునేమో కాని, అదే పాటను స్వరలిపిలో అచ్చువేసి అమ్మాలంటే అనుమతి కావాలి. పాతది కాబట్టి ఉచితం అనుకోవడం ఎంత పొరపాటో దీనివల్ల తెలుస్తుంది.

గిటారు రచనలకు కూడా ఇదే లెక్క. సోర్, కర్కాసీ, తారెగా రచనలు లోకానికంతటికీ సొంతం. బ్రెజిల్ దేశపు స్వరకర్త హైతోర్ విల్లా లోబోస్ 1959లో మరణించాడు. ఆయన రచనలు మన దేశంలో 2020 నుండి స్వేచ్ఛగా లభించవచ్చు. అయితే 70 ఏళ్ళ గడువు పాటించే ఫ్రాన్స్ వంటి దేశాలలో వాటిపై హక్కు 2029 చివరి వరకు ఉంటుంది. 1939లో జన్మించిన క్యూబా స్వరకర్త లియో బ్రౌవర్ రాసిన అభ్యాసాలు ఎక్కడా ఉచితం కావు.

ఈ దేశభేదమే ఒక పెద్ద వివాదానికి కారణమైంది. కెనడాకు చెందిన ఒక సంగీత విద్యార్థి 2006లో పాత స్వరలిపి గ్రంథాలను ఉచితంగా అందించే 'ఇమ్‌స్‌ల్ప్' అనే డిజిటల్ గ్రంథాలయాన్ని ప్రారంభించాడు. కెనడా చట్టం ప్రకారం గడువు తీరిన రచనలు కొన్ని ఐరోపాలో ఇంకా హక్కులలో ఉన్నాయని ఆస్ట్రియాకు చెందిన ఒక ప్రచురణ సంస్థ 2007లో అభ్యంతరం తెలిపింది. గ్రంథాలయం మూతపడింది. సుమారు ఎనిమిది నెలల తరువాత, 2008లో, అది తిరిగి తెరచుకొన్నది. గడువు తీరిన గ్రంథాలను వేరుచేసి చూపే జాగ్రత్త ఉంటే ఉచిత గ్రంథాలయం న్యాయంగా నడవగలదని ఈ ఉదంతం నిరూపించింది.

చదువుకు మినహాయింపు

చట్టం విద్యార్థిని మరచిపోలేదు. బోధనాక్రమంలో ఉపాధ్యాయుడు గాని, విద్యార్థి గాని రచనను ప్రతి తీసుకోవడం ఉల్లంఘన కాదని 52వ సెక్షను చెబుతున్నది. ఢిల్లీ విశ్వవిద్యాలయం ఆవరణలోని ఒక ఫొటోకాపీ దుకాణం మీద పెద్ద ప్రచురణ సంస్థలు 2012లో దావా వేశాయి. పాఠ్యభాగాలను సంకలనం చేసి విద్యార్థులకు అందించడం బోధనలో భాగమేనని ఢిల్లీ హైకోర్టు 2016లో తీర్పు చెప్పింది. అప్పీలులో ధర్మాసనం కొన్ని అంశాలపై తిరిగి విచారణ జరపమన్నప్పటికీ, బోధనకు అవసరమైన మేరకు ప్రతి తీయవచ్చునన్న సూత్రాన్ని నిలిపింది. 2017లో ప్రచురణ సంస్థలు దావాను విరమించుకొన్నాయి.

ఆ సూత్రంలోని కీలకం 'అవసరమైన మేరకు' అన్నదే. ఈ వారం పాఠానికి కావలసిన ఒక పుటను ప్రతి తీయడం ఒకటి. పుస్తకం మొత్తాన్ని ముక్కూ ముఖం తెలియని వేలమందికి పంచడం మరొకటి. మొదటిది చదువు. రెండవది ఇతరుని అంగడిని మూయించడం.

ధర్మం ఏమిటి?

చట్టం హద్దులు గీస్తుంది. ఆ హద్దులలో ఎలా నడవాలో ధర్మం చెబుతుంది. ఉచిత ప్రతులను సమర్థించేవారు రెండు వాదాలు వినిపిస్తారు. ప్రతి తీసినంత మాత్రాన అసలు పుస్తకం ఎక్కడికీ పోదు కదా అన్నది మొదటిది. పుస్తకం పోదు, నిజమే. పోయేది పుస్తకం రాసినవాని కూలి. పెద్ద స్వరకర్త కచేరీల వల్ల బ్రతకగలడు. కాని పిల్లల కొరకు అభ్యాసపాఠాలు రాసే సామాన్య ఉపాధ్యాయునికి అమ్ముడుపోయే ప్రతులే ఆధారం. ఆ ఆధారం తొలగితే రేపటి పుస్తకం పుట్టదు. నష్టపోయేది చివరకు విద్యార్థియే.

పేదవానికి విద్య అందవద్దా అన్నది రెండవ వాదం. ఇది తోసిపుచ్చదగినది కాదు. గిటారు కొనడానికే ఇంటివారు ఎన్నో నెలలు కూడబెట్టిన కుటుంబంలో, విదేశీ పుస్తకం కొనమనడం కఠినమే. అయితే పేదరికానికి పరిష్కారం ఇంకొక శ్రమజీవి కూలిని ఎగవేయడం కాదు. న్యాయమైన మార్గాలు ఎన్నో ఉన్నాయి. కర్కాసీ, సోర్, జూలియానీ, తారెగా రచనల తొలి ముద్రణలు ఉచితంగా లభిస్తున్నాయి. ప్రారంభదశ నుండి ఉన్నతదశ వరకు అభ్యసించడానికి అవి చాలును. కొత్త పుస్తకం తప్పనిసరి అయితే, ఉపాధ్యాయుడు ఒక ప్రతి కొని తరగతిలో ఉంచి అందరిచేత వంతులవారీగా చదివించవచ్చు. పై తరగతి విద్యార్థి తన పుస్తకాన్ని కింది తరగతి వానికి సగం వెలకు ఇవ్వవచ్చు. కొన్న పుస్తకాన్ని చేతులు మార్చడంలో దోషం లేదు. రచయితకు ఉత్తరం రాసి అనుమతి కోరితే, సంతోషంగా ఇచ్చేవారూ ఉంటారు.

ఇక్కడ ఒక సూక్ష్మం ఉన్నది. దానం చేసే అధికారం సొమ్ము గలవానికే ఉంటుంది. తన రచనను ఉచితంగా తీసుకొమ్మని లోకానికి ప్రకటించిన సంగీతవేత్తలు నేడు ఎందరో ఉన్నారు. వారు దాతలు. ఇతరుని రచనను వారి అనుమతి లేకుండా పంచేవాడు దాత కాలేడు. చేతికి ఎముక లేనట్లు కనిపించినా, ఆ చేతిలోనిది పరుల సొత్తు. సుబ్బరామ దీక్షితులు తమ వంశ నిధిని తామే తెరిచి లోకానికి ఇచ్చారు కనుకనే అది మహాదానమైంది.

ఈ విషయంలో ఉపాధ్యాయుని బాధ్యత గొప్పది. ఆయన పుస్తకాన్ని చేతికిచ్చే తీరు కూడా ఒక పాఠమే. ఒక పుట ప్రతి ఇచ్చేటప్పుడు రచయిత పేరు చెప్పి, ఇది గడువు తీరిన రచన, ఇది కొనవలసిన పుస్తకం అని వివరించే గురువు వద్ద విద్యార్థి సంగీతంతోపాటు సంస్కారాన్ని కూడా నేర్చుకొంటాడు. పేరు చెరిపివేసిన పి.డి.ఎఫ్. పంపే గురువు వద్ద, శ్రమకు విలువ లేదన్న సంగతిని కూడా నేర్చుకొంటాడు. మోతీనగర్ వంటి చోట ఈ పాఠం మరింత ముఖ్యం. నేడు గిటారు మెట్ల మీద వేళ్ళు కదిలించే విద్యార్థులలో రేపు ఒక స్వరకర్త, ఒక వాద్యకారుడు, ఒక పాఠ్యగ్రంథ రచయిత ఉండవచ్చు. తన శ్రమకు లోకం ఇవ్వవలసిన గౌరవాన్ని నేడు పరుల శ్రమకు తాను ఇవ్వడం వారి ప్రథమ కర్తవ్యం.

నాదం ఎవరి సొత్తూ కాదు. సప్తస్వరాలకు యజమాని లేడు. కాని ఆ స్వరాలను ఏర్చి, కూర్చి, దిద్ది, మన చేతికి అందించిన మనిషి ఒకడున్నాడు. ఆ మనిషికి చెల్లవలసినది చెల్లిన తరువాత గ్రంథం కూడా నాదంలాగే అందరిదవుతుంది. అంతవరకు ఓపిక పట్టడం, అప్పటికే అందరిదైన దానిని మనసారా పంచడం – ఈ రెండూ విద్యార్థికి శోభనిచ్చే గుణాలు.

కఠిన పదాలు – అర్థాలు

ఆలంబనం : ఆధారం, ఊత
స్వరలిపి : సంగీత స్వరాలను గుర్తులతో రాసే పద్ధతి
గ్రంథస్వామ్యం : రచన మీద రచయితకు గల హక్కు
గమకం : స్వరాన్ని కదిలించి, ఊపి పలికించడం
మెట్టు : వీణ, గిటారు వంటి వాద్యాలలో స్వరస్థానాన్ని సూచించే అడ్డుకడ్డీ
ఉదంతం : వృత్తాంతం, జరిగిన సంగతి
చేతికి ఎముక లేకపోవడం : మిక్కిలి దానశీలం కలిగి ఉండడం (జాతీయం)

ప్రశ్నలు

అ) వ్యాసరూప సమాధాన ప్రశ్నలు
1. ఒకే పాటలో ఎన్ని రకాల హక్కులు ఇమిడి ఉంటాయో 'పాతాళభైరవి' ఉదాహరణతో వివరించండి.
2. ఉచిత ప్రతులను సమర్థించే వాదాలను, వాటికి వ్యాసకర్త ఇచ్చిన సమాధానాలను చర్చించి, మీ అభిప్రాయం రాయండి.

ఆ) సంగ్రహ సమాధాన ప్రశ్నలు
1. 'సంగీత సంప్రదాయ ప్రదర్శిని' విశిష్టతను తెలపండి.
2. పాత రచనకు, దాని కొత్త ముద్రణకు గల భేదం ఏమిటి?
3. పేద విద్యార్థికి న్యాయమైన మార్గాలుగా వ్యాసకర్త సూచించినవి ఏవి?

ఇ) ఏకవాక్య సమాధాన ప్రశ్నలు
1. నేటి శాస్త్రీయ గిటారుకు స్థిరమైన రూపం ఇచ్చినవారు ఎవరు?
2. రచయిత మరణానంతరం మన దేశంలో గ్రంథస్వామ్యం ఎన్నేళ్ళు ఉంటుంది?

ఈ) విడదీసి సంధి పేరు రాయండి
గ్రంథాలయం, మహోపకారం, అత్యవసరం

ఉ) విగ్రహవాక్యం రాసి సమాసం పేరు తెలపండి
గురుసేవ, న్యాయాన్యాయాలు, సప్తస్వరాలు